నిలకడ గది: పద్నాలుగో చీటీ

కిందటి వారం కొత్తమ్మాయిని చేతిలో చీటీతో సహా కుర్చీలో కూలేసి మన దారిన మనం వెళ్ళిపోయాం. వారం రోజులు తిన్నాం, తిరిగాం, నిద్రపోయాం. పాపం, ఆమెకు ఒక్క నిమిషం కూడా గడవలేదు. గోడ మీద గడియారం ఇంకా మూడూ పది దగ్గరే ఉంది.

మధ్యలో వచ్చి కూర్చున్నవారికి నాలుగు ముక్కలు చెప్పాలి. మనసులో ముల్లున్న ప్రతివాడూ దొంగతనంగా నిన్నటికి పోయి ఏదో ఒకటి కెలికి వచ్చే లోకం అది. గతంతో పాటు జనం జ్ఞాపకాలు కూడా మారిపోతాయి కాబట్టి కెలికినట్టు ఎవరికీ తెలియదు. అందుకని కాలనేరాల శాఖవారు ఒక గది కట్టించారు. మందపాటి గోడలు, ఒకటే తలుపు, దానికి తాళం బయట. ఆ గదిలో ఉన్నది ఏదీ మారదు. కాగితమైనా, కుర్చీ అయినా, మనిషైనా సరే. పొద్దున తొమ్మిదికి ఇద్దరు ఉద్యోగులు లోపలికి వెళ్తారు. గోడకున్న చిన్న కిటికీలోంచి బయటి రిజిస్టర్లు లోపలికి వస్తాయి. ఒకరు పైకి చదువుతారు, ఇంకొకరు లోపలి పాత ప్రతితో సరిచూస్తారు. తేడా కనపడితే సవరణ చీటీ రాసి ఇద్దరూ సంతకాలు పెట్టాలి. పదింటికి ఒకసారి, నాలుగింటికి ఒకసారి తనిఖీ అధికారి వచ్చి ఆ చీటీలు పట్టుకెళ్తాడు. ప్రయాణ శాఖవాళ్ళు వెనక్కి వెళ్ళి గతాన్ని మళ్ళీ మొదటిలా చేసి వస్తారు. ఆ పని పూర్తయ్యాక, అయిదింటికి గానీ ఈ ఇద్దరికీ తలుపు తీయరు.

ఇక మూడింటికి ఇంటి చీటీలు. ఉద్యోగి ఇంట్లో ఎవరెవరున్నారో రాసిన కాగితం ఒకటి గదిలో ఉంటుంది, ఇంకొకటి బయట తాళాలాయన పెట్టెలో ఉంటుంది. రెండూ సరిపోతే నిశ్చింతగా ఇంటికి పోవచ్చు. పాతరోజుల్లో ఒకాయన ఇలా చూసుకోకుండా వెళ్ళి, గతం మారాక కొత్తగా పుట్టుకొచ్చి, తలుపు తీసిన సొంత తమ్ముణ్ణి "ఎవరండీ మీరు?" అని అడిగి ఇంటిల్లిపాదినీ ఏడిపించాడట. అప్పటినుంచి ఈ ఆనవాయితీ.

ఆ రోజు చదివింది చుక్కమ్మగారు. ఇరవయ్యొక్క ఏళ్ళ సర్వీసు. వాక్యం చివర చుక్క ఉంటే దాన్ని కూడా "చుక్క" అని పైకి చదివే మనిషి, అందుకే ఆ పేరు. విన్నది కొత్తమ్మాయి. చేరి ఆరేళ్ళయినా తర్వాత ఎవర్నీ తీసుకోలేదు గనక ఆమె ఇంకా కొత్తమ్మాయే.

"భర్త, కరెంటు మేస్త్రీ, చుక్క. అత్తగారు, ఇదే శాఖ, చుక్క. పిల్లలు లేరు, చుక్క."

కొత్తమ్మాయి చేతిలో ఉన్న లోపలి చీటీలో అలా లేదు. భర్తది కళ్ళజోళ్ళ దుకాణం. అత్తగారు పోయి మూడేళ్ళు. ఒక్కగానొక్క కూతురు, నాలుగేళ్ళది. ఇంట్లో ఆ పిల్లని పిచ్చుక అంటారు.

అక్కడ ఆపాం కదా, అక్కడి నుంచే పట్టుకుందాం.

"మళ్ళీ చదవండి," అంది కొత్తమ్మాయి.

చుక్కమ్మగారు మళ్ళీ చదివారు. మూడు చుక్కలూ వాటి చోట్లలోనే పడ్డాయి.

"పిల్లలు లేరంటే... మా పిచ్చుక?"

"చీటీలో లేదమ్మాయ్."

"చీటీలో లేదంటే బయట లేదనేగా!"

అది ఇద్దరికీ తెలుసు. ఆరేళ్ళలో కొత్తమ్మాయి ఇలాంటి తేడాలు వందలు చూసింది. ఎవరి చెల్లెలో రిజిస్టర్లోంచి మాయమయ్యేది, ఎవరి పెళ్ళో జరక్కుండా పోయేది. ఈమె చీటీ రాసి, కలం మూత పెట్టి, ఫ్లాస్కులోంచి టీ వంచుకునేది. ఊళ్ళోవాళ్ళ ఇళ్ళు కూలుతుంటే తను టీ తాగిందని ఇప్పుడు గుర్తొచ్చి, ఆ కష్టంలో కూడా సిగ్గుపడింది.

ఏడవలేదు. ఏడిస్తే అక్షరాలు కనపడవని ఆమెకు తెలుసు. ఖాళీ సవరణ చీటీ ముందుకు లాక్కుంది. అధికారి నాలుగింటికి వస్తాడు, నాలుగున్నరకల్లా పని అయిపోతుంది, అయిదింటికి పిచ్చుక గుమ్మంలో ఉంటుంది. ఇవాళ చీటీ రాయకపోతే మాత్రం రాత్రికి లోపలి రిజిస్టర్లు తీసేసి బయటి నకళ్ళు పెట్టేస్తారు. ఆ తర్వాత పిచ్చుక అనే పిల్ల పుట్టిందని ఏ కాగితమూ చెప్పదు. చకచకా రాసి, కింద తన సంతకానికి చోటు వదిలి, చీటీని చుక్కమ్మగారి ముందుకు తోసింది.

"ఏ దొంగవెధవ చేశాడో గానీ, ముందు మీరు పెట్టండి. పెద్దవాళ్ళు."

చుక్కమ్మగారు కలం ముట్టుకోలేదు. కళ్ళద్దాలు తీసి చీరచెంగుతో తుడిచారు. మళ్ళీ పెట్టుకున్నారు. మళ్ళీ తీశారు.

"కాస్త ఆగమ్మాయ్. నా చీటీ కూడా చూడాలిగా."

"మీ చీటీ తర్వాత చూద్దామండీ. మీకు మారడానికి ఎవరున్నారు గనక!"

అనేశాక నాలిక కరుచుకుంది. ఒంటరి మనిషితో అనకూడని మాటే. కానీ నిజం. భర్త ఎప్పుడో పోయారు. ఒక్క కొడుకు, స్తంభమెక్కి పనిచేస్తుండగా కింద ఎవరో చూసుకోకుండా కరెంటు వదిలేస్తే పోయాడు. తొమ్మిదేళ్ళయింది. ఆ సంగతి శాఖలో అందరికీ తెలుసు, ఆవిడ ముందు ఎవరూ ఎత్తరు.

స్తంభం. కరెంటు. కొత్తమ్మాయి కళ్ళు చుక్కమ్మగారి చేతిలోని చీటీ మీదికి మళ్ళాయి. భర్త, కరెంటు మేస్త్రీ. అత్తగారు, ఇదే శాఖ. ఈ శాఖలో అత్తగారి ఈడు ఆడమనిషి ఒక్కరే ఉన్నారు. ఆ ఒక్కరూ ఇప్పుడు ఎదురుగా కూర్చుని అద్దాలు తుడుచుకుంటున్నారు.

"మీ చీటీ చదవండి," అంది.

"కొడుకు, ముప్ఫై రెండేళ్ళు," అని చదివి ఆగిపోయారు చుక్కమ్మగారు. ఇరవయ్యొక్క ఏళ్ళలో మొదటిసారి ఆవిడ నోట చుక్క రాలేదు.

కొత్తమ్మాయి లేచి నకళ్ళ దస్తా తీసింది. పొద్దున పదింటికి వెళ్ళిన చీటీల నకళ్ళు అందులో ఉన్నాయి. నిన్న నాలుగు దాటాక రాసినవాటితో కలిపి పద్నాలుగు. పదమూడు చీటీలు తనకు గుర్తున్నాయి. నిన్న తను సరిచూసినవే. పద్నాలుగోది ఎప్పుడూ చూడలేదు. చుక్కమ్మగారి గుండ్రటి దస్తూరీ. "తొమ్మిదేళ్ళ కిందట ఫలానా రోజున ఫలానా కరెంటు మేస్త్రీ సెలవులో ఉన్నట్టు లోపలి ప్రతిలో ఉన్నది. బయటి ప్రతిలో పనిలో ఉన్నట్టు మార్చబడినది. సరిచేయవలెను." పచ్చి అబద్ధం. చుక్కమ్మగారి చీటీని తిరగేసి చూసేవాడు ఆ శాఖలో పుట్టలేదు. ప్రయాణ శాఖవాళ్ళు దర్జాగా వెళ్ళి, ఆ కుర్రాడి చేతిలో సెలవు కాగితం పెట్టి, ఇంటికి పంపించి వచ్చేశారు. కాలాన్ని కాపాడాల్సినవాళ్ళే కాలద్రోహం చేసి వచ్చారు, పైగా విధి నిర్వహణలో! కంచే చేను మేయడం అంటే ఇదే.

కొత్తమ్మాయి చూపు ఇంకా కిందికి దిగింది. చీటీ అడుగున రెండు సంతకాలున్నాయి. రెండోది తనది.

పొద్దున పిచ్చుక చెప్పులు దాచేసింది. "చెప్పుల్లేకపోతే ఆఫీసుకెలా వెళ్తావో చూస్తా," అని మంచం కింద దూరి నవ్వింది. వెతికి, బతిమాలి, చివరికి ఒక్కటేసి, ఏడుస్తున్న పిల్లని మొగుడి చేతిలో పెట్టి పరుగెత్తుకొచ్చి, తాళాలాయన చేత తలుపు తీయించుకునేసరికి తొమ్మిదీ నలభై. పదింటికి అధికారి వస్తాడు. చుక్కమ్మగారు పద్నాలుగు చీటీలూ పేర్చి, సంతకం చోట్లు మాత్రం కనపడేలా పట్టుకుని, "కానియ్యమ్మాయ్, టైమైపోతోంది," అన్నారు. ఈమె కానిచ్చింది. పక్కన కూర్చున్నది చుక్కమ్మగారు కాబట్టి చదవలేదు. పదకొండింటికి పైన లైటు ఒక్కసారి రెప్ప వేసింది. పిచ్చుక వెళ్ళిపోయింది అప్పుడే.

"నా చేత పెట్టించారు," అంది. "నా చేత్తో నా పిల్లని... ఇలా చేయడానికి మీకు నేనే దొరికానా?"

"నాకు తెలీదు తల్లీ!" చుక్కమ్మగారు రెండు చేతులూ బల్ల మీద పరిచారు. "ఒట్టు, నాకు తెలీదు. వాడొక్కడు బతికుంటే ఎవరికేం నష్టం అనుకున్నా. ఒక్క మనిషి. ఒక కంచం, ఒక మంచం. వాడు నన్ను తీసుకెళ్ళడానికి ఆఫీసుకొస్తాడనీ, నిన్ను చూస్తాడనీ, నువ్వు వాణ్ణి చేసుకుంటావనీ నేను కల కన్నానా?"

"కలలు కనకూడదనే కదండీ మనిద్దర్నీ ఇక్కడ పెట్టి తాళం వేస్తున్నారు!"

"తొమ్మిదేళ్ళు ఆగాను. ప్రతి రోజూ ఎవరెవరివో సరిచేస్తూ ఆగాను."

"ఇంకొక్క రోజు ఆగాల్సింది."

మాట కత్తిలా దిగింది. దిగాలనే అంది. ఆ పెద్దావిణ్ణి పట్టుకుని కుదిపేయాలన్నంత కోపం వచ్చింది. ఇంతలోనే, ఆవిడ తప్ప ఈ గదిలో తనకు ఇంకో దిక్కు లేదని కూడా తెలిసింది. ఒంటి సంతకం చెల్లదు. తలుపు బాది అరిస్తే గది భ్రమ అంటారు. ఇన్ని కాలాలు చూసి మతి చలించినవాళ్ళు ఏడాదికి ఒకరిద్దరుంటారు. వాళ్ళని ఆస్పత్రికి పంపించి ఆ రాత్రే రిజిస్టర్లు మార్చేస్తారు.

"సంతకం పెట్టండి," అంది.

"పెడితే ఏమవుతుందో చూసుకున్నావా?" చుక్కమ్మగారి గొంతు తగ్గింది. "కొత్త చీటీ వెళ్తే పద్నాలుగో చీటీ ఎవరు రాశారని అడుగుతారు. దాని మీద నీ సంతకం కూడా ఉంది. కాలనేరానికి శిక్షేంటో నీకు తెలుసుగా. ఇలాంటి గదే. రిజిస్టర్లుండవు, కిటికీ ఉండదు, అయిదు కొట్టడమూ ఉండదు. నీ పిల్ల తిరిగొస్తుంది. కానీ దానికి తల్లి ఉండదు."

కుడితిలో పడ్డ ఎలుకలా అయింది కొత్తమ్మాయి పని. ఎటు ఎగబాకినా జారి అక్కడికే పడుతోంది. సంతకం పెట్టకపోతే పిల్ల లేదు. పెడితే తను లేదు. పెట్టకుండా అయిదింటికి ఈ గది దాటి వెళ్తే బజారులో కళ్ళజోళ్ళ దుకాణం ఉంటుంది, అందులో ఆయన ఉంటాడు. గుమ్మంలోకి వెళ్తే "రండమ్మా, దూరానికా, దగ్గరికా?" అని అడుగుతాడు.

గడియారం మూడూ ముప్ఫై అయిదు చూపించింది.

"మీ అబ్బాయి పోయినప్పుడు నేనీ ఉద్యోగంలో లేను," అంది కొత్తమ్మాయి చివరికి. కోపం అయిపోయింది, గొంతులో నీరసం మిగిలింది. "తర్వాత విన్నాను. పాపం అనుకున్నాను. మీరు భోజనం డబ్బా తెరిచి తినకుండా మూసేసిన రోజుల్లో ఇంకా ఎన్నాళ్ళు ఏడుస్తారీవిడ అని కూడా అనుకున్నాను. మీ బాధ నాకు తెలుసనే అనుకున్నానండీ. తెలీదు. ఇవాళ మూడూ పది నుంచి తెలుసు."

చుక్కమ్మగారు ఆమె వంక చూశారు. చూస్తూ చూస్తూ ఆవిడ ముఖం చిట్లిపోయింది. పిల్ల పోయిన తల్లి ముఖం ఎలా ఉంటుందో ఆవిడకి అద్దంలో తెలుసు. ఎదుటి మనిషిలో, అదీ తను చేసిపెట్టిన ముఖంలో, చూడడం ఇదే మొదలు.

"ఎంత పిల్ల?"

"నాలుగు వెళ్ళి అయిదు."

"పేచీ పెడుతుందా?"

"పొద్దున కొట్టి వచ్చానండీ."

అంతే, చుక్కమ్మగారు కలం అందుకున్నారు. ముందు ఇంకో కాగితం తీసి మూడు వాక్యాలు రాశారు. రాస్తూ అలవాటు కొద్దీ పైకి చదివారు. "పద్నాలుగో చీటీ నేను రాసినది, చుక్క. దాని మీది రెండో సంతకం కూడా నేనే పెట్టినది, చుక్క. ఆ అమ్మాయికి ఏమీ తెలియదు, చుక్క." తర్వాత సవరణ చీటీ కింద తన సంతకం పెట్టి, కలం కొత్తమ్మాయి చేతిలో ఉంచారు. ఆవిడ వేళ్ళు చల్లగా ఉన్నాయి.

"కానియ్యమ్మాయ్," అన్నారు. "ఈసారి చదివి పెట్టు."

కొత్తమ్మాయి చీటీ చదివి, సంతకం చోట కలం ఆనించింది. సరిగ్గా అప్పుడు కిటికీ చెక్క మీద ఎవరో వేళ్ళతో టకటకలాడించారు.

చెక్క పక్కకి జరిగింది. కిటికీ జానెడు ఎత్తు, మూరెడు వెడల్పు, రిజిస్టర్ పట్టేంత. అవతల ఒక ముఖం వంగి చూసింది. రెండు రోజుల గడ్డం, చెవి వెనక పెన్సిలు.

"అమ్మా, పైన ఫ్యాన్లు చూడ్డానికొచ్చా. చంటిదాన్ని చూసే పిన్నిగారికి ఒళ్ళు వెచ్చబడిందట, తెచ్చి నా చేతిలో పెట్టి పోయింది. ఒక చేతిలో స్క్రూడ్రైవరు, ఇంకో చేతిలో ఇది! స్తంభమెక్కడమైనా సులువే గానీ దీంతో నా వల్ల కాదు. ఏయ్, నువ్వేంటి, దయ్యాన్ని చూసినట్టు చూస్తున్నావు?"

చివరి మాట కొత్తమ్మాయితో. చచ్చిపోయిన మనిషి ఆమె వంక చూసి, పెళ్ళానికి నవ్వే నవ్వు నవ్వాడు.

చుక్కమ్మగారు గోడ పట్టుకుని కిటికీ దాకా నడిచారు. చెయ్యి చాపి కొడుకు వేళ్ళు ముట్టుకున్నారు. తొమ్మిదేళ్ళుగా ఆవిడ ఈ మనిషితో మనసులో ఎన్ని మాటలు మాట్లాడారో లెక్కలేదు. తీరా ఎదురుగా నిలబడితే ఒక్కటే వచ్చింది.

"అన్నం తిన్నావా నాన్నా?"

"మూడున్నర దాటాక అడుగుతున్నావేంటే? పొద్దున నువ్వేగా డబ్బా కట్టిచ్చావు. ఉప్పు వెయ్యలేదు, సర్లే అని తినేశా."

ఆవిడ కట్టలేదు. ఆవిడకి తెలియని ఏదో పొద్దున, ఏదో వంటింట్లో, ఇంకో చుక్కమ్మగారు కట్టింది. అయినా ఉప్పు మర్చిపోయినందుకు కళ్ళ నీళ్ళు పెట్టుకున్నారు.

కొత్తమ్మాయి అవేవీ వినడం లేదు. అతని భుజం మీదున్న పాపని చూస్తోంది. ఏడెనిమిది నెలలుంటాయి. ఇంటి చీటీలు ఏడాదికోసారి రాస్తారు. బయటి చీటీ రాసి పది నెలలైంది, అప్పటికి ఈ పిల్ల పుట్టలేదు. అందుకే పిల్లలు లేరని ఉంది. ఏడ్చి ఏడ్చి ముక్కు ఎర్రబడింది. ఆ నుదురు కొత్తమ్మాయిది, అద్దంలో రోజూ చూసేది. పిచ్చుక పుట్టినప్పుడు కూడా ఇదే నుదురు. పాప ఆమెని చూసింది, ఏడుపు ఆపేసింది, రెండు చేతులూ చాపింది.

ఈ చీటీ మీద సంతకం పడితే నాలుగున్నరకల్లా ఆ చేతులు ఉండవు. పొద్దున ఒక పిల్లని చదవకుండా చెరిపింది. ఇప్పుడు ఇంకో పిల్లని కళ్ళారా చూస్తూ చెరపాలి. అడకత్తెరలో పోకచెక్క అంటారు గానీ, పోకచెక్క నయం. దాని చేతికే అడకత్తెర ఇచ్చి నొక్కమనరు కదా.

"అమ్మాయ్." చుక్కమ్మగారు వెనక్కి తిరక్కుండానే పిలిచారు. చాలా మెల్లిగా. "దాన్ని అందుకో."

"ఏంటండీ?"

"గదిలో ఉన్నది మారదు."

అర్థం కావడానికి ఒక్క క్షణం పట్టింది. పాప ఈ గోడ ఇవతల ఉంటే చాలు. ఎన్ని చీటీలు వెళ్ళినా, ఎన్ని గతాలు సరిచేసినా, పాప ఉంటుంది. పిచ్చుక వస్తుంది. పాప కూడా ఉంటుంది. బతికున్న మనిషిని కిటికీలోంచి దాటించడం పద్నాలుగో చీటీని మించిన నేరం, అది వేరే మాట.

"మరి మీ అబ్బాయి?"

తలుపు అయిదింటికి గానీ తీయరు. చుక్కమ్మగారు కిటికీ వైపు చూశారు. జానెడు, మూరెడు. ఇరవయ్యొక్క ఏళ్ళుగా ఆవిడ ఆ కిటికీలోంచి రిజిస్టర్లు అందుకుంటున్నారు. ఏది దూరుతుందో ఏది దూరదో కొలవక్కర్లేదు.

"వాడు పట్టడు," అన్నారు.

"ఏం పట్టదే అమ్మా?" అన్నాడు కొడుకు.

"ఏం లేదు నాన్నా. పిల్లని ఇలా ఇయ్యి. తల ముందు."

"రూలు ఒప్పుకోదేమో?"

"ఒప్పుకోదు. ఇయ్యి."

చిన్నప్పటి నుంచీ అమ్మ మాటకి ఎదురు చెప్పని మనిషిలా ఉన్నాడు. పాపని మెల్లగా వంచి కిటికీలోకి పెట్టాడు. కొత్తమ్మాయి కలం వదిలేసి చేతులు చాపింది. ముందు తల వచ్చింది, తర్వాత ఒక చెయ్యి, కాస్త ఇబ్బందిగా రెండో చెయ్యి. పాప ఆమె మెడ దగ్గర రవిక గట్టిగా పట్టుకుంది. అవతల నడవాలో బూట్ల చప్పుడు మొదలైంది. గడియారం చూస్తే ఇంకా ఎనిమిది నిమిషాలుంది. ఎప్పుడూ నిమిషం అటూ ఇటూ కాని అధికారి ఇవాళ ముందే వచ్చాడు.

"తొందరగా," అంది కొత్తమ్మాయి.

పాప గౌను అంచు కిటికీ మేకుకి తగులుకుంది. నడుము దాకా పాప ఇవతల, కాళ్ళు అవతల. కొడుకు మేకు విడిపించబోతున్నాడు. బూట్లు అతని పక్కన ఆగాయి. ఒక మగచెయ్యి వచ్చి పాప పాదాన్ని పట్టుకుంది.

"ఎవరూ కదలకండి," అన్నాడు తనిఖీ అధికారి. గొంతులో కోపం లేదు, అందుకే భయమేసింది. "పిల్ల సంగతి తర్వాత. ఆ బల్ల మీది సవరణ చీటీ ముందు ఇలా అందించండి. రెండు సంతకాలూ ఉన్నాయా?"

చుక్కమ్మగారు కొత్తమ్మాయి వంక చూశారు. కొత్తమ్మాయి రెండు చేతులూ పాప చంకల కింద ఉన్నాయి. కలం నేల మీద పడి ఉంది.